నో మ్యాన్స్ స్కైలో షిప్ పిలిస్తే రావాలంటే

నో మ్యాన్స్ స్కై అనే అంతరిక్ష వీడియో గేమ్‌లో మీ షిప్ (అంతరిక్ష నౌక)తో ఒక గ్రహం మీద దిగుతారు. దగ్గర్లో కనబడ్డ మొక్కను స్కాన్ చేస్తారు, దాని వెనక ఇంకో మొక్క, ఆ పక్కన ఒక జంతువు, అవతల ఏదో పాడుబడ్డ కట్టడం. కాసేపటికి వెనక్కి తిరిగి చూస్తే షిప్ గుర్తు పక్కన నడక సమయం చాలా పెద్దగా కనిపిస్తుంది. అదే సమయానికి తుఫాను హెచ్చరిక మొదలవుతుంది. కొత్తగా ఆడేవాళ్లలో చాలామంది ఇక్కడ టెన్షన్ పడి, వచ్చిన దారినే పరుగెత్తుతారు. ఆ అవసరం లేదు. షిప్‌ను మీ దగ్గరికే పిలవొచ్చు. అయితే ఆ పిలుపు పనికొచ్చేది మీరు షిప్ దిగే ముందు కొన్ని పనులు చేసి ఉంటేనే. ఈ గైడ్‌లో ఎక్కువ భాగం ఆ పనుల గురించే.

తయారీ సంస్థ హలో గేమ్స్ ఈ ఆటను 2016 ఆగస్టులో విడుదల చేసినప్పుడు షిప్‌ను ఎక్కడినుంచి పడితే అక్కడినుంచి పిలిచే వీలు లేదు. బైపాస్ చిప్ తయారుచేసుకుని, దగ్గర్లోని ఔట్‌పోస్ట్‌కు వెళ్లి, అక్కడి యంత్రంలో పెట్టి పిలవాల్సి వచ్చేది. తర్వాతి అప్‌డేట్లలో ఇది మారింది. కాబట్టి పాత వీడియోల్లో ఈ పద్ధతి కనబడితే పట్టించుకోకండి, ఇప్పుడు చిప్ అవసరం లేదు.

మొదట షిప్ ఎగరాలి

మామూలుగా ఆట మొదలుపెడితే మీ షిప్ పాడైపోయి ఉంటుంది. అది బాగయ్యేదాకా పిలవడం అనే మాటే లేదు, దాని దగ్గరికి నడిచే వెళ్లాలి. రెండు భాగాలు బాగుచేయాలి. అంతరిక్షంలో వేగంగా తీసుకెళ్లే పల్స్ ఇంజిన్‌కు మెటల్ ప్లేటింగ్, హెర్మెటిక్ సీల్ కావాలి. షిప్‌ను నేల మీదినుంచి లేపే లాంచ్ థ్రస్టర్‌కు ప్యూర్ ఫెరైట్, డై-హైడ్రోజన్ జెల్లీ కావాలి. మెటల్ ప్లేటింగ్ ఒకటి చేయడానికి 50 ఫెరైట్ డస్ట్ పడుతుంది. అది ఏ రాయిని కొట్టినా వస్తుంది. ప్యూర్ ఫెరైట్ కోసం అదే డస్ట్‌ను పోర్టబుల్ రిఫైనర్‌లో వేసి కరిగించాలి. ఆటే దారి చూపిస్తూ ఉంటుంది కాబట్టి దీని గురించి ఇంతకంటే చెప్పను. ఒక్క మాట: ఈ దశలో దొరికిన ఫెరైట్ డస్ట్ మొత్తం అప్పుడే ఖర్చుపెట్టకండి. మెటల్ ప్లేటింగ్ అవసరం తర్వాత కూడా పదేపదే పడుతుంది.

పిలిచే పద్ధతి

క్విక్ మెనూ తెరవండి. పీసీలో కీబోర్డ్ మీద ఎక్స్ కీ, కంట్రోలర్‌తో ఆడితే డి-ప్యాడ్‌లో కింది బటన్. స్క్రీన్ కింద ఒక వరుసలో బొమ్మలు వస్తాయి. వాటిలో వాహనాలను పిలిచే బొమ్మను ఎంచుకుంటే మీ షిప్ కనిపిస్తుంది. మీకు ఒకటికంటే ఎక్కువ షిప్‌లు ఉంటే అన్నీ అక్కడే వరుసగా ఉంటాయి. కావలసినది ఎంచుకోండి. కొన్ని క్షణాల్లో అది ఆకాశంలోంచి వచ్చి మీకు దగ్గర్లో దిగుతుంది.

పని ఇంతే. కానీ పిలిచే ముందు రెండు మూడు విషయాలు చూసుకుంటే చిరాకు తప్పుతుంది.

నిలబడే చోటు ముఖ్యం. షిప్‌కు దిగడానికి కాస్త చదునైన నేల కావాలి. ఏటవాలు కొండ మీదో, పెద్ద రాళ్ల మధ్యో నిలబడి పిలిస్తే షిప్ ఎక్కడో కింద దిగుతుంది. లేదంటే చోటు లేదని ఆట చెబుతుంది. అప్పుడు కోపం తెచ్చుకుని మళ్లీమళ్లీ నొక్కకుండా, పది ఇరవై అడుగులు వేసి తెరపి ఉన్న చోటికి రండి. పిలిచే ముందు ఆ చదును వైపు ముఖం తిప్పి నిలబడడం నాకు అలవాటు. షిప్ దిగడం కళ్లముందే కనబడుతుంది, వెతుక్కునే పని ఉండదు.

గుహలో ఉంటే పిలుపు పనిచేయదు. నేను మొదట్లో ఎక్కువ సమయం పోగొట్టుకున్నది గుహల్లోనే. కోబాల్ట్ కోసం లోపలికి వెళ్లి, మలుపు తర్వాత మలుపు తిరిగి, వచ్చిన దారి మర్చిపోయి, ప్రాణరక్షణ మీటర్ తగ్గుతుంటే అరగంట తిరిగాను. దీనికి తేలికైన ఉపాయం నేలను తవ్వే పరికరం, టెర్రైన్ మానిప్యులేటర్. వచ్చిన దారి వెతకొద్దు. ఉన్న చోటినుంచే ఏటవాలుగా పైకి తవ్వుకుంటూ వెళ్లండి. నిట్టనిలువుగా తవ్వితే ఎక్కడానికి జెట్‌ప్యాక్ చాలదు, మెట్లలా ఏటవాలుగా తవ్వితే నడిచి ఎక్కొచ్చు. నేల పైకి రాగానే షిప్ పిలవండి. ఆ తర్వాత ఏ గుహలోకి వెళ్లినా తవ్వే పరికరంలో ఛార్జ్ ఉందో లేదో ముందు చూసుకునేవాడిని.

సముద్రం లోపల ఉన్నప్పుడు కూడా ఇంతే. ముందు ఒడ్డుకు, వీలుకాకపోతే దగ్గర్లోని చిన్న దీవికి చేరుకుని పిలవండి. భవనం లోపల ఉంటే బయటికి రండి. స్పేస్ స్టేషన్‌లో, ఆటగాళ్లు కలుసుకునే స్పేస్ అనామలీ అనే కేంద్రంలో పిలవాల్సిన పనే లేదు. మీరు వచ్చిన షిప్ అక్కడి ప్యాడ్ మీదే ఉంటుంది.

టెలిపోర్టర్ వాడి ఇంకో నక్షత్ర మండలంలోని మీ బేస్‌కు వెళ్లినప్పుడు చాలామంది కంగారుపడతారు. షిప్ వెనకే ఉండిపోయిందేమో అనుకుంటారు. ఉండిపోదు. బయటికి వచ్చి క్విక్ మెనూలో పిలవండి, వస్తుంది.

లాంచ్ ఇంధనం: అసలు కథ ఇక్కడుంది

మామూలు కష్టస్థాయిలో నేల మీదినుంచి ఒకసారి ఎగరడానికి లాంచ్ థ్రస్టర్ ట్యాంకులో 25 శాతం ఖర్చవుతుంది. అంటే నిండు ట్యాంకుకు నాలుగు టేకాఫ్‌లు. ఆ కొండ దగ్గర ఒకసారి, ఈ లోయలో ఒకసారి, మధ్యలో ఏదో మెరిసిందని ఇంకోసారి దిగితే ట్యాంకు ఖాళీ. ఖాళీ ట్యాంకుతో ఉన్న షిప్ మీ పక్కనే ఉన్నా మిమ్మల్ని పైకి తీసుకెళ్లలేదు. తుఫానులో ఇది ఎంత బాధో ఒక్కసారి అనుభవిస్తే చాలు.

అందుకే నా పద్ధతి ఇది. షిప్ దిగే ముందు, కాక్‌పిట్‌లో ఉండగానే, లాంచ్ థ్రస్టర్ ఎంత ఉందో చూస్తాను. సగం కంటే తక్కువ ఉంటే అప్పుడే నింపుతాను. తర్వాత నింపుదాంలే అనుకుంటే మర్చిపోతాం.

నింపడానికి స్టార్‌షిప్ లాంచ్ ఫ్యూయల్ తయారుచేసుకోవాలి. డై-హైడ్రోజన్, మెటల్ ప్లేటింగ్ ఉంటే చాలు. డై-హైడ్రోజన్ దాదాపు ప్రతి గ్రహం మీదా నీలి రంగు స్ఫటికాలుగా నేలలోంచి పొడుచుకు వచ్చి కనిపిస్తుంది. నడుస్తున్న దారిలో కనబడినప్పుడల్లా కొట్టుకోండి, దాని కోసం ప్రత్యేకంగా వెతకాల్సిన రోజు తెచ్చుకోకండి. రేడియేషన్ ఉన్న గ్రహాల మీద యురేనియం దొరుకుతుంది. అది నేరుగా ట్యాంకులో వేయొచ్చు, ఏమీ తయారుచేయక్కర్లేదు. అలాంటి గ్రహం తగిలితే రక్షణ చూసుకుని ఒక పెద్ద కట్ట తవ్వి పెట్టుకోండి, చాలా కాలం వస్తుంది.

ఇంధనం అసలు ఖర్చు కాకుండా ఎగిరే మార్గం కూడా ఉంది. ల్యాండింగ్ ప్యాడ్ మీదినుంచి ఎగిరితే ట్యాంకు తగ్గదు. స్పేస్ స్టేషన్, ట్రేడింగ్ పోస్ట్, ఫ్రైటర్ (షిప్‌లను మోసే పెద్ద నౌక), మీ బేస్‌లో మీరు కట్టుకున్న ల్యాండింగ్ ప్యాడ్, ఇవన్నీ ఇందులోకి వస్తాయి. ఒక గ్రహం మీద ఎక్కువ రోజులు తిరగాలనుకుంటే బేస్‌లో ముందుగా ప్యాడ్ కట్టండి. గోడల రంగులు, కిటికీలు తర్వాత చూసుకోవచ్చు.

కొంచెం నానైట్‌లు (ఆటలో అప్‌గ్రేడ్‌లు కొనే డబ్బు) చేతికి వచ్చాక రెండు పరికరాల మీద పెట్టండి. ఎఫిషియెంట్ థ్రస్టర్స్ పెడితే ఒక్కో టేకాఫ్‌కు పట్టే ఇంధనం 20 శాతం తగ్గుతుంది. లాంచ్ సిస్టమ్ రీఛార్జర్ పెడితే ట్యాంకు కాలం గడిచేకొద్దీ దానంతట అదే నిండుతుంది. నన్నడిగితే తుపాకులకన్నా ముందు ఈ రెండోది కొనాలి. గ్రహం మీద ఒక గంట తిరిగి వచ్చేసరికి షిప్ సిద్ధంగా ఉంటే ఆట ఆడే తీరే మారిపోతుంది.

మిగతా ఇంధనాలు

పల్స్ ఇంజిన్‌కు ట్రిటియం కావాలి. దీని గురించి భయం అక్కర్లేదు. అంతరిక్షంలో ఉల్కలను కాలిస్తే ట్రిటియం వస్తుంది, ఉల్కలు లేని చోటు దాదాపు ఉండదు. గ్రహం నుంచి గ్రహానికి వెళ్లేటప్పుడు రెండు మూడు కాల్చుకుంటూ వెళ్తే చాలు.

ఒక నక్షత్ర మండలంనుంచి ఇంకోదానికి తీసుకెళ్లే హైపర్‌డ్రైవ్‌కు వార్ప్ సెల్ కావాలి. యాంటీమ్యాటర్, యాంటీమ్యాటర్ హౌసింగ్ కలిపి చేస్తారు. ఒకటి రెండు ఎప్పుడూ సంచిలో ఉంచుకోండి. గెలాక్సీ మ్యాప్‌లో నక్షత్రాల రంగులు కూడా చూసుకోవాలి. పసుపు నక్షత్రాలకు మామూలు హైపర్‌డ్రైవ్ చాలు. ఎరుపుకు క్యాడ్మియం డ్రైవ్, ఆకుపచ్చకు ఎమెరిల్ డ్రైవ్, నీలానికి ఇండియం డ్రైవ్ కావాలి. ఇవి ఏ షిప్‌లో పెడితే ఆ షిప్‌కే పనిచేస్తాయి. కొత్త షిప్ కొన్న ఉత్సాహంలో ఈ సంగతి మర్చిపోయి, నిన్న వెళ్లిన నక్షత్రానికి ఇవాళ ఎందుకు వెళ్లలేకపోతున్నామా అని తల పట్టుకునేవాళ్లు చాలామంది.

షీల్డ్‌కు సోడియం. పోరాటం మధ్యలో కూడా క్విక్ మెనూ తెరిచి షీల్డ్ నింపొచ్చు. పసుపు పువ్వులా మెరిసే సోడియం మొక్కలు నేల మీద కనబడినప్పుడు కోసుకుంటే ఇక్కడ అక్కరకొస్తాయి.

పిలిచేది ఎక్కి వెళ్లడానికే కాదు

షిప్‌ను కేవలం రవాణా సాధనంగా చూస్తే దాని విలువలో సగమే వాడుకున్నట్టు. కాక్‌పిట్‌లో కూర్చుంటే బయటి వాతావరణం మిమ్మల్ని తాకదు. సూట్ రక్షణ కూడా మళ్లీ నిండుతుంది. మండే గ్రహం మీద, విషవాయువుల గ్రహం మీద పనిచేసేటప్పుడు నేను చేసేది ఇదే: తవ్వే చోటుకు వీలైనంత దగ్గరగా షిప్ పిలుస్తాను, తుఫాను రాగానే ఎక్కి కూర్చుంటాను, అది వెళ్లాక దిగి మళ్లీ పని మొదలుపెడతాను. ఎగరను కాబట్టి ఇంధనం ఖర్చవదు. సూట్ రక్షణ నింపడానికి వాడే సోడియం, ఐయాన్ బ్యాటరీలు మిగులుతాయి.

రెండోది ఇంకా ముఖ్యం. షిప్‌లోంచి దిగిన ప్రతిసారీ ఆట ఆటోసేవ్ అవుతుంది. అరుదైన వస్తువు దొరికిందా? షిప్ పిలవండి, ఎక్కండి, వెంటనే దిగండి. సేవ్ అయిపోయింది. ఎగరక్కర్లేదు. ప్రమాదకరమైన కట్టడంలోకి వెళ్లే ముందు, సెంటినెల్ కాపలాదార్లతో గొడవ పెట్టుకునే ముందు ఈ ఎక్కి దిగడం అలవాటు చేసుకోండి. చూడ్డానికి చిన్న పనే, ఎన్నో గంటల శ్రమను కాపాడుతుంది.

మూడోది నిల్వ. నడుస్తుండగా సంచి నిండిపోతే వస్తువులను షిప్‌లోకి పంపాలి. షిప్ దగ్గర్లో ఉంటే నేరుగా పంపొచ్చు. దూరంగా ఉంటే షిప్‌లో టెలిపోర్ట్ రిసీవర్ పెట్టుకోవాలి, అప్పుడు దూరంనుంచీ పంపడం, తీసుకోవడం వీలవుతుంది. అది లేనంతకాలం సంచి నిండినప్పుడు షిప్‌నే మీ దగ్గరికి పిలిచి సర్దుకోండి.

ఒకటికంటే ఎక్కువ షిప్‌లు ఉన్నప్పుడు

కొన్నాళ్లకు మీ దగ్గర నాలుగైదు షిప్‌లు చేరతాయి. పిలిచిన షిప్పే ఆ సమయానికి మీ అసలు షిప్. మిగతావి ఎటూ పోవు. ఫ్రైటర్ ఉంటే దాని హ్యాంగర్‌లో నిలబడి కనిపిస్తాయి, వాటిలో ఏది ఎక్కి కూర్చుంటే అది మీ షిప్ అవుతుంది. గ్రహం మీద ఉంటే క్విక్ మెనూలోంచి పేరు చూసి పిలవొచ్చు. అందుకే ప్రతి షిప్‌కూ దాని పని గుర్తొచ్చే పేరు పెట్టండి. తొందరలో ఉన్నప్పుడు ఆ పేరే కాపాడుతుంది.

ఏ రకం దేనికి పనికొస్తుందో తెలిసి ఉంటే మంచిది. ఫైటర్ పోరాటానికి. హాలర్‌లో సామాను ఎక్కువ పడుతుంది. ఎక్స్‌ప్లోరర్ దూర ప్రయాణాలకు. షటిల్ అన్నింట్లో మధ్యస్థం, ధర కూడా సాధారణంగా తక్కువే. ఎగ్జాటిక్ అనే అరుదైన రకం ఎప్పుడూ అన్నిటికంటే పై స్థాయి ఎస్ క్లాస్‌లోనే వస్తుంది. 2020లో ప్రాణమున్న లివింగ్ షిప్‌లు, 2022లో తెరచాపలున్న సోలార్ షిప్‌లు, 2023లో సెంటినెల్ ఇంటర్‌సెప్టర్లు ఆటలో చేరాయి. 2025లో మీరే భాగాలు అతికించి కట్టుకునే కార్వెట్‌లు కూడా వచ్చాయి. లివింగ్ షిప్ చాలా అందంగా ఉంటుంది, కానీ మామూలు షిప్‌లకు కొన్న అప్‌గ్రేడ్‌లు దానికి పెట్టలేరు. మొదటి షిప్‌గా దాని వెంట పడొద్దని నా సలహా.

క్లాసులు నాలుగు: సి, బి, ఎ, ఎస్. ఇష్టమైన షిప్ తక్కువ క్లాసులో దొరికితే బాధపడకండి. స్పేస్ స్టేషన్‌లో నానైట్‌లు కట్టి పెంచుకోవచ్చు. సి నుంచి బికి 10,000, బి నుంచి ఎకి 25,000, ఎ నుంచి ఎస్‌కు 50,000 నానైట్‌లు అవుతాయి. మొత్తం కలిపితే 85,000. చిన్న మొత్తం కాదు, కాబట్టి రూపం చూసి మనసు పడ్డ షిప్ మీదే ఖర్చుపెట్టండి. సంఖ్యలు చూసి కొన్నదాన్ని నెల తిరక్కముందే వదిలేస్తాం.

అప్‌గ్రేడ్ మాడ్యూల్స్ విషయంలో ఒక్కో పరికరానికి మూడు పెడితే చాలు, అంతకుమించి పెడితే ఓవర్‌లోడ్ అయి పనిచేయవు. ఒకే పరికరానికి చెందినవి పక్కపక్కన పెడితే కొంచెం అదనపు బలం వస్తుంది. పరికరాలు పెట్టే గళ్లలో కొన్ని మెరుస్తూ ఉంటాయి, వాటిని సూపర్‌ఛార్జ్‌డ్ స్లాట్‌లు అంటారు. మీకు అన్నిటికంటే ముఖ్యమైన పరికరం ఆ గడిలో పెట్టండి. దూరం తిరిగేవాళ్లైతే హైపర్‌డ్రైవ్, పోరాడేవాళ్లైతే ఆయుధం.

కొనేటప్పుడు ఒక్క నిమిషం ఆగండి

స్టేషన్‌లోనో ట్రేడింగ్ పోస్ట్‌లోనో దిగిన పైలట్‌తో మాట్లాడితే అతని షిప్ కొనొచ్చు. అక్కడ రెండు దారులుంటాయి: మీ షిప్ ఉంచుకుని కొత్తది కొనడం, లేదా మీదిచ్చి మార్చుకోవడం. మార్చుకుంటే ధర తగ్గుతుంది కాబట్టి ఆశ పుడుతుంది. కానీ మీ పాత షిప్‌లో బిగించిన పరికరాలన్నీ దానితోనే పోతాయి. మొదటిసారి నేను ఇలాగే ఇచ్చేసి, కొత్త షిప్‌లో కూర్చున్నాక హైపర్‌డ్రైవ్ అప్‌గ్రేడ్‌లన్నీ పోయాయని గ్రహించాను. వారాలపాటు కూడబెట్టినవి అవి.

అప్పటినుంచి ఇలా చేస్తున్నాను. స్టేషన్‌లో షిప్ దిగగానే ఆటోసేవ్ అవుతుంది కదా, ఆ తర్వాతే బేరం మొదలుపెడతాను. కొత్త షిప్ నచ్చకపోయినా, ఏదైనా పొరపాటు జరిగినా, ఆ షిప్‌లోకి ఎక్కి దిగకుండా పాత సేవ్ లోడ్ చేస్తే ముందున్న స్థితికి వెళ్లిపోవచ్చు. ఎక్కి దిగితే మాత్రం కొత్త స్థితి సేవ్ అయిపోతుంది. ఈ ఒక్క విషయం గట్టిగా గుర్తుపెట్టుకోండి.

గ్రహాల మీద కూలిపోయిన షిప్‌లు కూడా దొరుకుతాయి. డబ్బు లేకుండా సొంతం చేసుకోవచ్చు, కానీ బాగుచేయడానికి చాలా సామగ్రి పడుతుంది, కొన్ని గళ్లు పాడైపోయి ఉంటాయి. ఉంచుకోవాలనుకుంటే లాంచ్ థ్రస్టర్, పల్స్ ఇంజిన్ ముందు బాగుచేసి స్టేషన్‌కు తీసుకెళ్లండి, మిగతావి తీరిగ్గా చూసుకోవచ్చు. ఉంచుకోనక్కర్లేదంటే అదే స్టేషన్‌లో తుక్కుగా అమ్మేయండి. డబ్బుతోపాటు కొన్ని పరికరాలు కూడా వస్తాయి.

ఫ్రైటర్‌ను పిలవడం

మొదటి ఫ్రైటర్ సాధారణంగా ఒక దాడినుంచి దాన్ని కాపాడినప్పుడు ఉచితంగా దొరుకుతుంది. షిప్‌లో అంతరిక్షంలో ఉన్నప్పుడు క్విక్ మెనూలోంచే దాన్ని పిలవాలి. నేల మీదినుంచి పిలిస్తే రాదు. గ్రహానికి మరీ దగ్గరగా ఉన్నా కుదరదు, కాస్త దూరం జరిగి పిలవండి. కొత్త నక్షత్ర మండలంలోకి రాగానే ముందు ఫ్రైటర్ పిలిచి ఉంచుకోవడం నా అలవాటు. ఇంధనం ఖర్చు లేకుండా ఎగరడానికి దాని హ్యాంగర్ ఉంటుంది, షిప్‌లు మార్చుకోవచ్చు. మ్యాటర్ బీమ్ పెట్టించుకుంటే అదే మండలంలో ఎక్కడున్నా ఫ్రైటర్ నిల్వలోకి వస్తువులు పంపొచ్చు.

దొంగల దాడి జరిగినప్పుడు పల్స్ ఇంజిన్ పనిచేయదు. పోరాడే ధైర్యం లేకపోతే, స్టేషన్ దగ్గర్లో ఉంటే, దాంట్లోకి దూరిపోండి. లోపలికి వెళ్లాక వాళ్లు ఏమీ చేయలేరు. విలువైన సరుకు మోస్తున్నప్పుడు ఈ దాడులు వస్తుంటాయి. అమ్మకానికి పెద్ద మొత్తం తీసుకెళ్తుంటే బయలుదేరేముందు షీల్డ్ నింపి, సంచిలో సోడియం ఉందో లేదో చూసి, అప్పుడు థ్రస్టర్ మీద చేయి వేయండి.